ఎన్‌ఎఫ్‌ఎల్‌లో తొలి నల్లజాతి కోచ్ ఆర్ట్ షెల్లా, ఫ్రిట్జ్ పొలార్డా?

మీ ప్రశ్న క్లుప్తంగా ఇది. ఒక ఆన్‌లైన్ క్విజ్‌లో "అమెరికన్ ఫుట్‌బాల్ లీగ్ ఎన్‌ఎఫ్‌ఎల్‌లో తొలి నల్లజాతి కోచ్ ఎవరు?" అని అడిగితే మీరు "ఆర్ట్ షెల్, 1989" అని రాశారు. తప్పన్నారు. ఫ్రిట్జ్ పొలార్డ్ అని సరిదిద్దారు. పాత వార్తలు తిరగేస్తే షెల్ పేరే కనిపిస్తోంది. ఏది నమ్మాలి, అసలీ పొలార్డ్ ఆటగాడా కోచా అని అడిగారు.

సూటిగా జవాబు: ఫ్రిట్జ్ పొలార్డ్. 1921లో ఒహైయో రాష్ట్రంలోని ఆక్రన్ ప్రోస్ జట్టుకు ఎల్గీ టోబిన్‌తో కలిసి కోచ్‌గా ఉన్నాడు. లీగ్ అధికారిక రికార్డుల్లోనే ఆ సంగతి ఉంది. అప్పటికి లీగ్ పేరు అమెరికన్ ప్రొఫెషనల్ ఫుట్‌బాల్ అసోసియేషన్. 1922లో పేరు మార్చి ఎన్‌ఎఫ్‌ఎల్ అన్నారు. పేరు మారింది తప్ప లీగ్ మారలేదు. షెల్ 1989 అక్టోబరులో లాస్ ఏంజెలెస్ రైడర్స్ పగ్గాలు చేపట్టాడు, కాబట్టి అతను రెండోవాడు. క్విజ్ వాళ్లు మీ మార్కు కొట్టేయడం న్యాయమే.

అలాగని పాత వార్తలు అబద్ధం చెప్పాయని కాదు. వాటిలో చాలావాటిలో "ఆధునిక యుగంలో తొలి" అని ఉంటుంది. నేను చాలా ఏళ్లు ఒక తెలుగు దినపత్రికలో క్రీడల డెస్క్ మీద పనిచేశాను. ఏజెన్సీ వార్త తెలుగులోకి వచ్చేటప్పుడు మొదట ఎగిరిపోయేది ఇలాంటి విశేషణమే. రాత్రి పదకొండింటికి శీర్షికలో చోటు చాలకపోతే "ఆధునిక యుగంలో" అన్నది పోతుంది, "తొలి" అన్నది మిగులుతుంది. తర్వాత ఆ శీర్షిక చూసి ఇంకొకరు జనరల్ నాలెడ్జ్ పుస్తకంలో ఎక్కిస్తారు. ఇప్పుడు ఒహైయోలో ఉంటూ ఇక్కడి తెలుగు పిల్లలకు క్రీడల క్విజ్‌లు పెడుతున్నాను. "తొలి" అని మొదలయ్యే ప్రతి ప్రశ్ననూ అనుమానంగానే చూస్తాను.

ఇక ఆటగాడా, కోచా అన్నది. రెండూ. ఒకే మనిషి, ఒకే రోజు, ఒకే మైదానంలో. ఈ రోజు టీవీలో కనిపించే కోచ్‌ను, అంటే చెవులకు హెడ్‌ఫోన్లు పెట్టుకుని, చేతిలో పెద్ద అట్ట పట్టుకుని, గీత అవతల నిలబడి ఎత్తు ఎత్తుకూ ఆదేశాలిచ్చే మనిషిని మనసులో పెట్టుకుంటే 1921 అర్థం కాదు. ఆట సాగుతుండగా బయటినుంచి కోచ్ సూచనలు ఇవ్వడం అప్పటి నియమాల ప్రకారం నిషిద్ధం. ఎన్‌ఎఫ్‌ఎల్ దాన్ని అనుమతించింది 1944లో. అంతవరకూ బయట కూర్చున్న కోచ్ నోరు కట్టుకుని కూర్చోవలసిందే. ఏ ఎత్తు వేయాలి, బంతి ఎవరి చేతికి పోవాలి అన్నది లోపల ఆడుతున్నవాళ్లే తేల్చుకోవాలి. ఆటకు ముందు ఎత్తులు నేర్పేవాడు, ఆటలో వాటిని ఎంచేవాడు ఒకడే అయితే అసలు కోచ్ అతనే. ఆక్రన్‌లో పొలార్డ్ చేసింది ఆ పనే. తాను కాలేజీలో నేర్చుకున్న ఎత్తులను తెచ్చి జట్టుకు నేర్పాడు, మైదానంలో వాటిని తానే నడిపాడు. టోబిన్ కూడా ఆడుతూ కోచ్‌గా ఉన్నవాడే. "సహ కోచ్ కదా, పూర్తి కోచ్ ఎలా అవుతాడు?" అని వాదించేవారికి నేను చెప్పే మాట ఇంతే: ఆ కాలపు కోచ్‌లందరినీ ఈ కాలపు కొలతతో కొలిస్తే సగం మంది కోచ్‌లే కారు.

కొత్తవారికి ఒక్క మాట. ఇది మనం కాలితో ఆడే ఫుట్‌బాల్ కాదు. కోలగా ఉండే బంతిని చేతపట్టుకుని పరుగెత్తే ఆట. అప్పట్లో దాడిలోనూ రక్షణలోనూ అదే పదకొండు మంది ఆడేవారు. తలకు తోలు టోపీ పెట్టుకోవడం ఇష్టాన్ని బట్టి. హెల్మెట్‌ను ఎన్‌ఎఫ్‌ఎల్ తప్పనిసరి చేసింది 1943లో. అలాంటి ఆటలో పొలార్డ్ బంతి పట్టుకుని పరుగెత్తే వెనక వరుస ఆటగాడు. రికార్డుల ప్రకారం ఎత్తు ఐదడుగుల తొమ్మిది అంగుళాలు, బరువు 165 పౌండ్లు, అంటే 75 కిలోలు. తనకంటే పాతిక ముప్ఫై కిలోలు ఎక్కువ బరువున్నవాళ్ల మధ్యలోంచి దూరిపోవడం అతని బతుకుతెరువు.

పూర్తి పేరు ఫ్రెడరిక్ డగ్లస్ పొలార్డ్. బానిసత్వ నిర్మూలన కోసం పోరాడిన ఫ్రెడరిక్ డగ్లస్ పేరు పెట్టారు. 1894 జనవరి 27న షికాగోలో పుట్టాడు. పెరిగిన రోజర్స్ పార్క్ పేటలో జర్మన్ కుటుంబాలు ఎక్కువ. "ఫ్రిట్జ్" అన్న ముద్దుపేరు అక్కడ అంటుకున్నదే. తండ్రి జాన్ క్షౌరశాల నడిపేవాడు, అంతర్యుద్ధంలో ఉత్తరాది సైన్యంలో పనిచేసినవాడు. తల్లి కుట్టుపని చేసేది. ఎనిమిది మంది పిల్లల్లో ఇతను ఏడోవాడు. అక్క నేయోమీ నార్త్‌వెస్టర్న్ విశ్వవిద్యాలయంలో పట్టా తీసుకున్న తొలి నల్లజాతి మహిళ. ఇది చదువు విలువ తెలిసిన ఇల్లు. "పేదరికంలోంచి ఆటతో పైకొచ్చాడు" అన్న మామూలు కథ ఇక్కడ అతకదు. ఆట అన్నల దగ్గర నేర్చుకున్నాడు.

1915లో బ్రౌన్ విశ్వవిద్యాలయంలో చేరాడు, రసాయన శాస్త్రం చదివాడు. ఖర్చులకు హాస్టల్ గదిలోనే తోటి విద్యార్థుల సూట్లు ఇస్త్రీ చేసే వ్యాపారం పెట్టాడు. ఆ మొదటి సీజన్ చివర, 1916 జనవరి 1న, బ్రౌన్ జట్టు కాలిఫోర్నియాలోని పాసడీనాకు రోజ్ బౌల్ అనే కాలేజీ పోటీ ఆడటానికి వెళ్లింది. ఆ పోటీలో ఆడిన తొలి నల్లజాతి ఆటగాడు పొలార్డే. వానలో, బురదలో ఆట సాగి వాషింగ్టన్ స్టేట్ చేతిలో బ్రౌన్ 14-0తో ఓడింది. బురద నేల మీద మెలికలు తిరిగే పరుగు పనిచేయదు, కాబట్టి అతని నుంచి ఆ రోజు పెద్దగా ఏమీ రాలేదు. బస చేసిన హోటల్లో ఇతనికి గది ఇవ్వనంటే జట్టువాళ్లు పట్టుబట్టి ఇప్పించారన్న సంగతి కూడా ఆ ప్రయాణానిదే.

అసలు ఏడాది 1916. అప్పట్లో యేల్, హార్వర్డ్ అంటే కాలేజీ ఫుట్‌బాల్‌కు పెద్ద దిక్కులు. బ్రౌన్ ఆ ఏడాది యేల్‌ను 21-6తోనూ, వారం తిరక్కుండా హార్వర్డ్‌ను 21-0తోనూ ఓడించింది. ఒకే సీజన్‌లో ఆ ఇద్దరినీ కొట్టిన జట్టు అంతకుముందు లేదు. రెండు ఆటల్లోనూ చర్చంతా పొలార్డ్ పరుగుల గురించే. సీజన్ చివరి ఆటలో కోల్గేట్ వచ్చి 28-0తో బ్రౌన్‌ను చిత్తు చేసిందన్నది కూడా చెప్పాలి, లేకపోతే కథ మరీ తియ్యగా ఉంటుంది. కాలేజీ ఫుట్‌బాల్ పెద్ద వాల్టర్ క్యాంప్ దేశంలోని మేటి ఆటగాళ్లను ఏరి ఆ ఏడాది ప్రకటించిన అఖిల అమెరికా జట్టులో వెనక వరుసలో చోటు దక్కిన తొలి నల్లజాతి ఆటగాడయ్యాడు. అంతకుముందు 1890లలో హార్వర్డ్ ఆటగాడు విలియం హెన్రీ లూయిస్‌కు ముందు వరుసలో ఆ గౌరవం దక్కింది. మరుసటి ఏడాది చదువు మీద శ్రద్ధ తగ్గి, మార్కులు పడిపోయి, ఆడే అర్హత పోయింది. పట్టా తీసుకోకుండానే బయటికి వచ్చాడు. అదే విశ్వవిద్యాలయం 1981లో గౌరవ డాక్టరేటు ఇచ్చింది.

పడగొట్టినప్పుడు అతను చేసిన పని ఒకటి చెప్పాలి. బంతి పట్టుకున్నవాడిని కింద పడేశాక మీద మరో నలుగురు దూకడం ఆనాటి ఆటలో మామూలు. నల్లవాడైతే మోచేతులూ మోకాళ్లూ కావాలనే దిగేవి. అందుకని పొలార్డ్ నేల తాకీ తాకగానే గిర్రున వెల్లకిలా తిరిగి, మోకాళ్లు ఛాతీ దాకా ముడిచి, మేకుల బూట్లు పైకి పెట్టేవాడు. మీద పడబోయేవాడికి ముందు తగిలేవి ఆ మేకులు. రెండుసార్లు తగిలాక మూడోవాడు దూకడు. అన్యాయపు ఆట అని ఎవరూ అనలేరు, పడుకున్నవాడు ఎవరినీ తన్నలేదు కదా. ఈ ఒక్క కిటుకే అతన్ని అన్నేళ్లు ఆటలో నిలబెట్టిందని నా అభిప్రాయం.

మొదటి ప్రపంచ యుద్ధ కాలంలో మేరీల్యాండ్‌లోని సైనిక శిబిరంలో వ్యాయామ శిక్షకుడిగా, తర్వాత పెన్సిల్వేనియాలోని లింకన్ విశ్వవిద్యాలయంలో కోచ్‌గా పనిచేశాడు. 1919లో ఆక్రన్‌లో అడుగుపెట్టాడు.

ఆక్రన్ గురించి కొంచెం చెప్పకపోతే తర్వాతి సంగతి అర్థం కాదు. అమెరికా కార్ల టైర్లలో చాలా భాగం అక్కడే తయారయ్యేవి. గుడ్‌ఇయర్, ఫైర్‌స్టోన్, గుడ్‌రిచ్ ఫ్యాక్టరీలలో పనికి దక్షిణాది రాష్ట్రాల నుంచి, వెస్ట్ వర్జీనియా కొండల నుంచి తెల్లవాళ్లు వేలల్లో వచ్చి పడ్డారు. తమ ఊళ్లలోని వర్ణ దురహంకారాన్ని మూటగట్టుకుని మరీ వచ్చారు. 1920లలో కు క్లక్స్ క్లాన్ అనే తెల్లజాతి దురహంకార ముఠా ఆ ఊళ్లో స్కూలు బోర్డును చేతిలో పెట్టుకునేంత బలపడింది. అలాంటి ఊరి జట్టుకు పొలార్డ్ తురుపుముక్క. మిగతా ఆటగాళ్లతో కలిసి బట్టలు మార్చుకునే వీలు లేదు. జట్టు యజమానుల్లో ఒకడైన ఫ్రాంక్ నీడ్‌కు చుట్టల ఫ్యాక్టరీ ఉండేది. పొలార్డ్ అక్కడ యూనిఫాం వేసుకుని కూర్చునేవాడు. ఆట మొదలయ్యే ముందు కారు వచ్చి ఎక్కించుకుని మైదానంలో దింపేది. సొంత ఊరి ప్రేక్షకులే గేలి చేసేవారు, బూతులు తిట్టేవారు. ఈ వివరాలు అతను వృద్ధాప్యంలో స్వయంగా చెప్పినవి.

1920 సెప్టెంబరు 17న కాంటన్‌లో రాల్ఫ్ హే అనే కార్ల వ్యాపారి షోరూంలో లీగ్ పుట్టింది. కుర్చీలు చాలక కొందరు కార్ల పక్క మెట్ల మీద కూర్చున్నారట. సభ్యత్వ రుసుము జట్టుకు 100 డాలర్లని ప్రకటించారు. ఎవరూ కట్టలేదని ఆ గదిలో ఉన్న జార్జ్ హాలసే తర్వాత చెప్పాడు. ఒలింపిక్ వీరుడు జిమ్ థోర్ప్‌ను అధ్యక్షుణ్ని చేశారు, పేపర్లలో పేరు పడుతుందని.

ఆ తొలి సీజన్‌లో ఆక్రన్ ఎనిమిది గెలిచింది, మూడు సమం చేసింది, ఒక్కటీ ఓడలేదు. సీజన్ మొత్తం మీద ప్రత్యర్థులకు ఇచ్చిన పాయింట్లు 7. థోర్ప్ ఆడే కాంటన్ బుల్‌డాగ్స్‌ను 10-0, 7-0తో రెండుసార్లు ఓడించింది. డిసెంబరు 12న షికాగోలో హాలస్ జట్టు డెకేటర్ స్టేలీస్‌తో చివరి ఆట. హాలస్ ఆ ఒక్క రోజుకు మరో జట్టు నుంచి ప్యాడీ డ్రిస్కాల్ అనే మేటి ఆటగాణ్ని అరువు తెచ్చుకున్నాడు. అయినా 0-0. ఫైనల్ అంటూ ఏదీ లేని కాలం కాబట్టి 1921 ఏప్రిల్‌లో జట్ల యజమానులు సమావేశమై ఓటు వేసి ఆక్రన్‌ను విజేత అన్నారు. అప్పుడిచ్చిన కప్పు ఎప్పుడో పోయింది, ఇప్పటికీ దొరకలేదు. ఆ ఏడాది లీగ్‌లో పొలార్డ్‌తో పాటు ఇంకో నల్లజాతి ఆటగాడు ఉన్నాడు, రాక్ ఐలండ్ జట్టులో బాబీ మార్షల్. అప్పటికి అతనికి నలభై ఏళ్లు.

కోచ్ అయిన 1921లో ఆక్రన్ 8 గెలిచి, 3 ఓడి, ఒకటి సమం చేసి మూడో స్థానంలో నిలిచింది. ఆ ఏడాది పొలార్డ్ జట్టులోకి తెచ్చిన ఒకతను మీకు తెలిసే ఉంటాడు: పాల్ రోబ్సన్. మనవాళ్లకు గాయకుడిగా, శాంతి ఉద్యమకారుడిగా తెలిసిన రోబ్సనే. 1958లో అతని అరవయ్యో పుట్టినరోజును మన దేశంలో జరిపినప్పుడు నెహ్రూ మద్దతు పలికారు. ఆక్రన్ రోజుల్లో అతను కొలంబియాలో లా చదువుతూ, ఫీజుల కోసం ఫుట్‌బాల్ ఆడేవాడు. 1922లో ఇద్దరూ మిల్వాకీ బ్యాడ్జర్స్‌కు మారారు. ఆ నవంబరులో థోర్ప్ జట్టు ఊరాంగ్ ఇండియన్స్‌ను మిల్వాకీ 13-0తో ఓడించింది, రెండు టచ్‌డౌన్లూ (బంతిని ప్రత్యర్థి గీత దాటించి చేసే స్కోర్లు) రోబ్సన్‌వే. ఊరాంగ్ జట్టు పెట్టింది కుక్కల వ్యాపారి ఒకాయన, తన ఎయిర్‌డేల్ కుక్కలకు ప్రచారం కోసం! ఎన్‌ఎఫ్‌ఎల్ బాల్యం అలా ఉండేది.

తర్వాత ఇండియానాలోని హామండ్ ప్రోస్, రోడ్ ఐలండ్‌లోని ప్రావిడెన్స్ స్టీమ్ రోలర్, మళ్లీ ఆక్రన్. మధ్యలో పెన్సిల్వేనియా బొగ్గు గనుల ఊళ్లలో ఎన్‌ఎఫ్‌ఎల్‌తో సంబంధం లేని గిల్బర్టన్ జట్టుకూ ఆడాడు. హామండ్‌కు 1925లో కోచ్‌గానూ ఉన్నాడు. 1923లో అదే హామండ్‌కు క్వార్టర్‌బ్యాక్‌గా, అంటే దాడిని నడిపే ఆటగాడిగా, ఆడటంతో లీగ్‌లో తొలి నల్లజాతి క్వార్టర్‌బ్యాక్ అన్న పేరూ అతనిదే. 1926తో ఎన్‌ఎఫ్‌ఎల్‌లో అతని ఆట ముగిసింది.

డబ్బు, గణాంకాలు గురించి జాగ్రత్త. ముసలితనంలో ఇచ్చిన ఇంటర్వ్యూల్లో పొలార్డ్ తన పారితోషికం గురించి పెద్ద పెద్ద అంకెలే చెప్పాడు. నేను వాటిని క్విజ్‌లో వాడను. ఆ కాలంలో యజమానులు టికెట్లు అమ్ముకోవడానికి, ఆటగాళ్లు తర్వాతి జట్టుతో బేరమాడటానికి అంకెలు పెంచి చెప్పేవారు. అలాగే, లీగ్ అధికారికంగా గణాంకాలు నమోదు చేయడం మొదలుపెట్టింది 1932లో. కాబట్టి పొలార్డ్ ఎన్ఎఫ్ఎల్‌లో ఇన్ని గజాలు పరుగెత్తాడని ఎవరైనా రాస్తే అది పాత పేపర్ల వార్తల నుంచి ఏరుకున్న లెక్కే. స్కోర్లు, టచ్‌డౌన్లు నమ్మొచ్చు, అవి పేపర్లలో ఉన్నాయి. గజాలు నమ్మకండి.

ఇప్పుడు మీ ప్రశ్నలోని అసలు చిక్కు దగ్గరికి వస్తాను. 1925కూ 1989కీ మధ్య ఒక్క నల్లజాతి కోచ్ కూడా లేకపోవడమే "షెల్ తొలివాడు" అన్న అపోహకు పునాది. కోచ్‌ల సంగతి అలా ఉంచండి, 1934 నుంచి 1945 దాకా ఎన్‌ఎఫ్‌ఎల్‌లో ఒక్క నల్లజాతి ఆటగాడు కూడా లేడు. అంతకుముందు 1920 నుంచి 1933 దాకా పదమూడు మంది ఆడారు. 1933లో ఆడిన జో లిలార్డ్, రే కెంప్ చివరివాళ్లు. ఎక్కడా రాతపూర్వక నిషేధం కనబడదు. అయినా పన్నెండు సీజన్లపాటు అన్ని జట్లకూ ఒక్క నల్లజాతి ఆటగాడూ పనికిరాలేదంటే అది యాదృచ్ఛికమని నన్ను నమ్మించలేరు. ఆర్థిక మాంద్యంలో తెల్లవాళ్లకే పనులు లేవన్న సాకు ఒకటి. వాషింగ్టన్ జట్టు యజమాని జార్జ్ ప్రెస్టన్ మార్షల్ ప్రభావం ఇంకొకటి. అతని జట్టు నల్లజాతి ఆటగాళ్లను తీసుకున్నది 1962లో, అదీ స్టేడియం కేంద్ర ప్రభుత్వ భూమిలో ఉంది కాబట్టి కెనడీ ప్రభుత్వం మెడలు వంచితే. పొలార్డ్ అయితే హాలస్‌ను కూడా దోషిగానే చూశాడు. హాలస్ కాదన్నాడు.

1946లో అడ్డు తొలగింది. క్లీవ్‌లాండ్ నుంచి లాస్ ఏంజెలెస్‌కు మారిన రామ్స్ జట్టుకు ప్రజల సొమ్ముతో కట్టిన కొలీజియం కావాలి. నల్లజాతి పత్రికా రచయితలు ఆ మైదానాన్ని చూసుకునే కమిషన్ ముందు నిలబడి, వర్ణ వివక్ష పాటించే జట్టుకు ప్రజల మైదానం ఎలా ఇస్తారని నిలదీశారు. కెన్నీ వాషింగ్టన్, వుడీ స్ట్రోడ్ జట్టులోకి వచ్చారు. పత్రికలు వాళ్లను తొలి నల్లజాతి ఆటగాళ్లన్నట్టు రాశాయి, పదమూడేళ్ల కిందటి సంగతి అప్పటికే మరిచి. ఆటగాళ్ల జాబితానే మరిచినవాళ్లకు 1921 నాటి ఆక్రన్ కోచ్ గుర్తుండాలని ఆశించడం అత్యాశ.

ఈ మధ్యకాలంలో పొలార్డ్ చేతులు ముడుచుకు కూర్చోలేదు. 1928లో షికాగో బ్లాక్ హాక్స్ అని పూర్తిగా నల్లజాతి ఆటగాళ్ల జట్టు కట్టి ఊరూరా తిప్పాడు, తెల్లవాళ్ల జట్లతో ఆడించాడు. నల్లవాళ్లు, తెల్లవాళ్లు ఒకే మైదానంలో గొడవ లేకుండా ఆడగలరని చూపించడమే ఉద్దేశం. 1935 నుంచి న్యూయార్క్ బ్రౌన్ బాంబర్స్‌కు కోచ్. బాక్సర్ జో లూయిస్ బిరుదే జట్టు పేరు. హార్లెమ్‌లో ఒక వార్తాపత్రిక నడిపాడు. అంతకుముందు పెట్టిన పెట్టుబడుల సంస్థ మాంద్యంలో దివాలా తీసింది. కళాకారులకు అవకాశాలు ఇప్పించే ఏజెన్సీ, పన్నుల సలహాలు, 1956లో ఒక సినిమా నిర్మాణం, ఇలా చేయని పని లేదు. కొడుకు ఫ్రిట్జ్ జూనియర్ 1936 బెర్లిన్ ఒలింపిక్స్‌లో 110 మీటర్ల హర్డిల్స్‌లో కాంస్యం గెలిచాడు. తండ్రి 1986 మే 11న 92 ఏళ్ల వయసులో మేరీల్యాండ్‌లో చనిపోయాడు. షెల్ నియామకానికి మూడేళ్ల ముందు.

కాలేజీ ఆటలో మేటివాళ్లను గౌరవించే హాల్ ఆఫ్ ఫేమ్ అతన్ని 1954లోనే తీసుకుంది. ప్రొఫెషనల్ ఆటది కాంటన్‌లో 1963లో తెరుచుకుంది, తొలి విడతలోనే థోర్ప్‌కూ హాలస్‌కూ చోటిచ్చింది. పొలార్డ్‌కు చోటు 2005లో. అది కూడా, 2003లో నల్లజాతి కోచ్‌ల నియామకాల కోసం అతని పేరుతో ఒక సంఘం ఏర్పడి, అదే ఏడాది కోచ్ పదవికి కనీసం ఒక అల్పసంఖ్యాక వర్గపు అభ్యర్థినైనా ఇంటర్వ్యూ చేయాలన్న రూనీ నిబంధన వచ్చాక. పేరు మళ్లీ వార్తల్లోకి వచ్చిన తర్వాతే తలుపు తెరుచుకుంది. నాకిది ఇప్పటికీ మింగుడుపడదు.

క్విజ్‌లకు పనికొచ్చే తేడాలు. "తొలి నల్లజాతి కోచ్" అంటే పొలార్డ్. "ఆధునిక యుగంలో" అంటే షెల్. "సూపర్ బౌల్ (లీగ్ ఫైనల్) గెలిచిన" అంటే టోనీ డంజీ, 2007 ఫిబ్రవరి. "ఎన్‌ఎఫ్‌ఎల్‌లో తొలి నల్లజాతి ఆటగాడు" అంటే పొలార్డ్, బాబీ మార్షల్ ఇద్దరి పేర్లూ రాయండి. "తొలి నల్లజాతి ప్రొఫెషనల్ ఆటగాడు" అంటే మాత్రం పొలార్డ్ కాదు, చార్లెస్ ఫాలిస్. ఒహైయోలోని షెల్బీ జట్టుతో 1904లో ఒప్పందం చేసుకున్నాడు, లీగ్ పుట్టడానికి పదహారేళ్ల ముందు. ఇక్కడొక క్విజ్‌లో ఒక అమ్మాయి ఫాలిస్ అని రాస్తే పక్కనున్న నిర్ణేత కొట్టేయబోయారు. నేను అడ్డుపడితే, "కీలో పొలార్డ్ అని ఉంది కదండీ" అన్నారు. ప్రశ్నలో లీగ్ పేరే లేదని చూపించాక మార్కు ఇచ్చారు.

ఏ రంగూ చెప్పకుండా "తొలి ప్రొఫెషనల్ ఆటగాడు" అని అడిగితే జవాబు పజ్ హెఫెల్‌ఫింగర్. 1892 నవంబరు 12న పిట్స్‌బర్గ్‌లో అల్లెగెనీ క్లబ్ అతనికి 500 డాలర్లు ఇచ్చి ఒక్క ఆట ఆడించింది. అతను జారిన బంతి అందుకుని పరుగెత్తి టచ్‌డౌన్ చేశాడు. అప్పట్లో టచ్‌డౌన్‌కు నాలుగు పాయింట్లు, కాబట్టి 4-0. క్లబ్ దీన్ని గుట్టుగా ఉంచింది, ఎందుకంటే డబ్బు తీసుకుని ఆడటం అప్పుడు సిగ్గుచేటు. కానీ లెక్కల కాగితం దాచుకుంది. కాంటన్ మ్యూజియంలో దాన్ని చూడొచ్చు. రాబడి, ఖర్చుల వరుసల మధ్య హెఫెల్‌ఫింగర్‌కు నగదు 500 అని ఒక పద్దు, చివర క్లబ్‌కు మిగిలింది 621 డాలర్లు. పజ్ గురించి వాదన రాదు, కాగితం ఉంది కాబట్టి.

మీ క్విజ్ నిర్వాహకులకు ఉత్తరం రాయాలనుకుంటే మార్కు కోసం కాకుండా, ప్రశ్నలో "లీగ్ చరిత్రలో" అని చేర్చమని అడగండి. అది చేరితే మీలాగా షెల్ అని రాసేవారు తగ్గుతారు. ఫాలిస్ గురించి ఆసక్తి ఉంటే విడిగా ప్రశ్న వేయండి. అతని కథలో బేస్‌బాల్‌కు చెందిన బ్రాంచ్ రిక్కీ కూడా వస్తాడు, ఇక్కడ ఇరికిస్తే అన్యాయమవుతుంది.